బళ్ళారి రాఘవ

బళ్ళారి రాఘవ (1880 ఆగస్టు 2 - 1946 ఏప్రిల్ 16) సుప్రసిద్ధ రంగస్థల నటుడు, నాటక రచయిత, న్యాయవాది, తొలితరం తెలుగు చలనచిత్ర నటుడు. ఇతని అసలు పేరు తాడిపత్రి రాఘవాచార్యులు. జీవితమంతా బళ్ళారిలో గడపడం వలన బళ్ళారి రాఘవ అన్న పేరే స్థిరపడింది. తెలుగు, కన్నడ, హిందీ, ఆంగ్ల భాషలలో నటించాడు. పాత్ర స్వభావాన్ని ముఖకవళికలతోను, మాట విరుపుతోను, మౌనంతోను ప్రకటించే సహజ నటనా పద్ధతిని తెలుగు రంగస్థలం మీద నెలకొల్పినవారిలో ఇతడు అగ్రగణ్యుడు.

రాఘవ "ఆంధ్ర నాటక పితామహుడు" ధర్మవరం రామకృష్ణమాచార్యులుకు స్వయానా మేనల్లుడు. తెలుగు నాటకంలో పద్యాన్ని రాగయుక్తంగా పాడే సంప్రదాయానికి బలమైన పునాది వేసినవారిలో మేనమామ ముఖ్యుడు. ఆ పాటను తగ్గించి మాటకు, భావానికి పెద్దపీట వేసినవాడు మేనల్లుడు. ఒకే కుటుంబంలో, ఒకే ఊరిలో, ఒక తరం వ్యవధిలో జరిగిన ఈ మార్పు ఆధునిక తెలుగు నాటక చరిత్రలో ఒక ప్రధాన ఘట్టము.

ప్రాంతీయ నేపథ్యము

రాఘవ పుట్టేనాటికి తాడిపత్రి, ధర్మవరం, పెనుకొండ, హిందూపురం అన్నీ బళ్ళారి జిల్లాలోనివే. 1882లో బళ్ళారి జిల్లా నుండి కొన్ని తాలూకాలను విడదీసి అనంతపురం జిల్లాను ఏర్పరచారు. పైన చెప్పిన ఊళ్ళన్నీ కొత్త జిల్లాలోకి వచ్చినా, చదువులకు, కోర్టు వ్యవహారాలకు, ఉద్యోగాలకు బళ్ళారితో వాటి సంబంధం తెగిపోలేదు. ధర్మవరంలో పుట్టిన రామకృష్ణమాచార్యులు, తాడిపత్రిలో పుట్టిన రాఘవ ఇద్దరూ బళ్ళారిలోనే స్థిరపడి పేరు తెచ్చుకోవడానికి ఇదే కారణము.

ఈ ప్రాంతంలో తెలుగు, కన్నడ భాషలు కలిసి జీవిస్తాయి. గుంతకల్లు నుండి అనంతపురం, ధర్మవరం, పెనుకొండ, హిందూపురం మీదుగా బెంగుళూరు వెళ్ళే రైలుమార్గం పందొమ్మిదవ శతాబ్దపు చివరి దశకంలో ఏర్పడింది. ఆ మార్గంలో హిందూపురం దాటితే నాటి మైసూరు సంస్థానము. అటు బళ్ళారిలోను, ఇటు సరిహద్దు తాలూకాలలోను ప్రేక్షకులకు రెండు భాషలూ పరిచితమే. రాఘవ రెండు భాషలలోను అనాయాసంగా నటించడానికి, బెంగుళూరు నాటక రంగంతో సన్నిహితంగా మెలగడానికి ఈ వాతావరణం తోడ్పడింది.

బాల్యము, విద్యాభ్యాసము

రాఘవ 1880 ఆగస్టు 2న తాడిపత్రిలో నరసింహాచార్యులు, శేషమ్మ దంపతులకు జన్మించాడు. తండ్రి బళ్ళారిలోని ఉన్నత పాఠశాలలో తెలుగు పండితుడు. ఇంట తెలుగు సాహిత్యము, మేనమామ ఇంట నాటకము, బడిలో ఆంగ్లము అతని బాల్యాన్ని తీర్చిదిద్దాయి. చిన్ననాడే నాటకాలలో వేషం కట్టడం ప్రారంభించాడు.

బళ్ళారిలో పాఠశాల విద్య ముగిసిన తరువాత మద్రాసు క్రిస్టియన్ కళాశాలలో పట్టభద్రుడయ్యాడు. అనంతరం మద్రాసు న్యాయకళాశాలలో చదివి 1905లో న్యాయశాస్త్ర పట్టం పొందాడు. బళ్ళారికి తిరిగివచ్చి న్యాయవాదిగా స్థిరపడి, క్రిమినల్ కేసులలో పేరుపొంది, పబ్లిక్ ప్రాసిక్యూటరుగా పనిచేశాడు. జీవనానికి వకాలతు ఉండడం వలన నాటకం మీద ఆధారపడి బ్రతకవలసిన అవసరం అతనికి కలుగలేదు. ధర్మకార్యాల సహాయార్థం అనేక ప్రదర్శనలు ఇచ్చాడు. జనం చప్పట్లకోసం నటనను మార్చుకోనక్కరలేని స్వేచ్ఛ కూడా ఈ వృత్తి వలననే అతనికి లభించింది.

మేనమామ ఒరవడి

రాఘవ సాధించిన మార్పును అర్థం చేసుకోవడానికి అతనికి పూర్వమున్న స్థితిని తెలుసుకోవాలి. ధర్మవరం రామకృష్ణమాచార్యులు (1853 - 1912) న్యాయవాది, నాటకకర్త, నటుడు. 1886లో బళ్ళారిలో "సరసవినోదిని సభ" అనే నాటక సమాజాన్ని స్థాపించాడు. తన తొలి తెలుగు నాటకమైన "చిత్రనళీయము"ను 1887లో ప్రదర్శించాడు. తరువాత "ప్రహ్లాద", "పాదుకా పట్టాభిషేకము", "విషాద సారంగధర" మొదలైన సుమారు ముప్పది నాటకాలు రచించాడు.

సంస్కృత నాటక సంప్రదాయంలో విషాదాంతం నిషిద్ధము. నాటకం మంగళకరంగా ముగియవలెనని నియమము. "విషాద సారంగధర"తో రామకృష్ణమాచార్యులు ఆ నియమాన్ని కాదని తెలుగులో విషాదాంత నాటకానికి మార్గం వేశాడు. పాశ్చాత్య పద్ధతిలో అంకాలను రంగాలుగా విభజించాడు. అదే సమయంలో పద్యాలకు రాగాలు చేర్చి, పాటలు కలిపి ప్రేక్షకులను ఆకట్టుకున్నాడు. అప్పటికి ధారవాడ నాటక సమాజాలు, పార్సీ నాటక సమాజాలు ఊరూరా తిరిగి సంగీతంతో కూడిన నాటకాలపై జనానికి మక్కువ కలిగించి ఉన్నాయి. తెలుగు నాటకం నిలవాలంటే సంగీతం తప్పనిసరి అయిన కాలమది.

బళ్ళారిలోనే మరొక న్యాయవాది కోలాచలం శ్రీనివాసరావు (1854 - 1919) "సుమనోరమ సభ"ను నడిపాడు. చారిత్రక నాటకాలు వ్రాయడంలో అతడు ప్రసిద్ధుడు. ఒకే ఊరిలో ఇద్దరు నాటకకర్తలు, రెండు సమాజాలు పోటీపడిన ఆ వాతావరణంలో రాఘవ నటుడిగా ఎదిగాడు. రెండు సమాజాల నాటకాలలోనూ వేషాలు ధరించాడు. విద్యావంతులైన మిత్రులతో బళ్ళారిలో షేక్స్పియర్ క్లబ్బును స్థాపించి, షేక్స్పియరు నాటకాలను ఆంగ్లంలోనే ప్రదర్శించాడు. షైలాకు, ఒథెల్లో, మాక్బెత్, హామ్లెట్ పాత్రలు అతనికి పేరు తెచ్చాయి.

పఠాన్ రుస్తుం

కోలాచలం శ్రీనివాసరావు రచించిన "రామరాజు చరిత్రము" (విజయనగర సామ్రాజ్య పతనము) నాటకంలో రాఘవ ధరించిన పఠాన్ రుస్తుం పాత్ర అతని కీర్తిని దేశమంతటా వ్యాపింపజేసింది. 1565లో జరిగిన రాక్షసతంగడి యుద్ధము ఈ నాటకానికి ఇతివృత్తము. ఈ కథ ఆ ప్రాంతపు జనానికి పుస్తకాలలోని చరిత్ర మాత్రమే కాదు. యుద్ధంలో అళియ రామరాయలు మరణించాక అతని తమ్ముడు తిరుమలరాయలు రాజధానిని పెనుకొండకు తరలించాడు. పెనుకొండ కోట, బళ్ళారికి చేరువలోనే ఉన్న హంపి శిథిలాలు ఆ పతనానికి సాక్ష్యాలుగా కళ్ళెదుట నిలిచి ఉండగా ఈ నాటకం ప్రదర్శింపబడింది.

ఈ నాటకంలో సామ్రాజ్య పతనానికి కారణాలను మతవైరంలో వెదికే ప్రమాదం ఉంది. ఇది ఉద్రేకాలను రేపగలదన్న శంకతో ఆనాటి ప్రభుత్వం నాటకాన్ని నిషేధించింది కూడా. అయితే రాఘవ రుస్తుం పాత్రను ద్వేషించదగిన ప్రతినాయకుడిగా కాక, అభిమానధనుడైన మనిషిగా చూపడం వలననే అది చిరస్మరణీయమైంది. హిరణ్యకశిపుడు, దుర్యోధనుడు, చాణక్యుడు వంటి ఇతని ఇతర ప్రసిద్ధ పాత్రలలోనూ ఇదే లక్షణం కనిపిస్తుంది. ప్రేక్షకుడు ముందుగానే చెడ్డవాడని తీర్మానించుకొని వచ్చిన పాత్రలో అతని కోపానికి, పట్టుదలకు గల కారణాన్ని వెదికి చూపడం రాఘవ ప్రత్యేకత.

నటనా పద్ధతి

ఆనాటి నాటకశాలలో మైకులు లేవు. వెనుక వరుసలో కూర్చున్న ప్రేక్షకునికి వినిపించడమే నటునికి మొదటి పరీక్ష. పద్యాన్ని హార్మోనియం శ్రుతికి పై స్థాయిలో ఎత్తుకొని, దీర్ఘంగా రాగం తీసి పాడడం ఈ సమస్యకు ఒక పరిష్కారము. క్రమంగా అదే నాటకానికి ప్రాణమన్నంతగా మారింది. ప్రేక్షకులు "వన్స్ మోర్" అని కేకలు వేస్తే నటుడు పాడిన పద్యాన్నే మరల పాడేవాడు. యుద్ధానికి బయలుదేరే వీరుడైనా, బిడ్డను పోగొట్టుకున్న తల్లి అయినా కథను ఆపి రాగాలాపన చేయవలసిందే. ఈ పద్ధతిలో మధురగాయకులైన గొప్ప నటులు వెలువడిన మాట నిజమే. కాని కథాగమనము, పాత్రౌచిత్యము దెబ్బతిన్నాయి.

రాఘవ ఈ పద్ధతిని అంగీకరించలేదు. సందర్భానికి అవసరమైనంత మేరకే పద్యాన్ని చదివేవాడు. రాగాన్ని కుదించి, అర్థం తెలిసేటట్లు పదాలు విరిచి పలికేవాడు. రచయిత వ్రాసిన దీర్ఘ సంభాషణలను తగ్గించి, చెప్పదలచిన భావాన్ని చూపుతోనో, నడకతోనో, క్షణకాలపు మౌనంతోనో తెలియజేసేవాడు. తనకు మాటలు లేనప్పుడు కూడా ఎదుటి పాత్ర మాటలను వింటున్నట్లు నటించడం ఇందులో ముఖ్యాంశము. పద్యం పాడే వంతు వచ్చేవరకు ప్రక్కకు నిలబడే అలవాటున్న రంగస్థలం మీద ఇది కొత్త విషయము.

ఈ మార్పును అందరూ ఒకేసారి ఆదరించలేదు. సంగీతం కోసం టిక్కెట్టు కొన్న సామాన్య ప్రేక్షకుడికి రాఘవ నాటకంలో ఏదో లోటు కనిపించేది. అయినా విద్యావంతులలోను, యువనటులలోను అతని ప్రభావం విస్తరించింది. పద్యనాటకం అంతరించలేదు, అంతరించాలని అతడు కోరనూ లేదు. పాటలేకుండా కూడా తెలుగు నాటకం ప్రేక్షకుని కదిలించగలదని నిరూపించడమే అతడు చేసిన పని.

రంగస్థలంపై స్త్రీలు

స్త్రీ పాత్రలను పురుషులే ధరించడం ఆనాటి ఆచారము. స్థానం నరసింహారావు వంటి ప్రతిభావంతులు ఆ కళను శిఖరస్థాయికి తీసుకొనిపోయారు. 1885లో కడప జిల్లా సురభి గ్రామంలో ఆరంభమైన సురభి నాటక సమాజాలలో స్త్రీలే స్త్రీ పాత్రలు ధరించేవారు. కాని అది కుటుంబమంతా నాటకమే వృత్తిగా గల సమాజము. విద్యావంతుల ఔత్సాహిక సమాజాలలో మాత్రం గృహిణులు, చదువుకున్న యువతులు రంగస్థలం ఎక్కడం అపకీర్తిగా భావించబడేది.

సహజ నటన కోరేవాడు స్త్రీ పాత్రకు పురుషుని అంగీకరించలేడు. అందువలన స్త్రీ పాత్రలను స్త్రీలే ధరించాలని రాఘవ పట్టుబట్టాడు. అతని ప్రోత్సాహంతో నాటకరంగంలో ప్రవేశించినవారిలో కొమ్మూరి పద్మావతీదేవి ముఖ్యురాలు. గౌరవ కుటుంబానికి చెందిన స్త్రీ పరపురుషునితో కలసి నటించడం ఆనాడు తీవ్ర విమర్శకు గురైంది. ఆ విమర్శలో అధిక భాగం రాఘవ కంటె ఆ స్త్రీలే భరించవలసివచ్చింది. నేడు తెలుగు నాటకంలో స్త్రీలు నటించడం సహజంగా కనిపించడానికి ఆనాడు వారు చూపిన సాహసమే మూలము.

సాంఘిక నాటకాలు, రచన

పౌరాణిక, చారిత్రక పాత్రలలో పేరు గడించిన తరువాత రాఘవ దృష్టి సాంఘిక నాటకాలపైకి మళ్ళింది. తరువాతి కాలంలో మద్రాసు హైకోర్టు ప్రధాన న్యాయమూర్తి అయిన పి.వి.రాజమన్నారు రచించిన "తప్పెవరిది" నాటకాన్ని రాఘవ ప్రదర్శించాడు. మధ్యతరగతి కుటుంబంలోని దాంపత్య సమస్యను వాడుక భాషలో చర్చించిన ఈ నాటకంలో కిరీటాలు, పద్యాలు, రాగాలు లేవు. రాఘవ కోరుకున్న నటనకు తగిన నాటకం ఇదే.

రాఘవ స్వయంగా "సరిపడని సంగతులు" అనే సాంఘిక నాటకాన్ని రచించాడు. ఇతడు వ్రాసినది కొద్దియే. కాని నటుడుగా ఎదురైన లోటును రచయితగా పూరించే ప్రయత్నం ఇందులో కనిపిస్తుంది. పౌరాణిక పద్యనాటకాలు చేతిలో ఉన్నంతకాలం సహజ నటన సగం దూరమే పోగలదు. మనుషులు నిజజీవితంలో మాట్లాడుకొనే తీరులో సంభాషణలు ఉన్నప్పుడే అది పూర్తి కాగలదు. నాటక కళ మీద ఇతడు తెలుగు, ఆంగ్ల భాషలలో ఉపన్యాసాలు కూడా ఇచ్చాడు.

విదేశ పర్యటన, ప్రముఖుల ప్రశంస

1919లో బెంగుళూరులో విశ్వకవి రవీంద్రనాథ్ టాగూరు సమక్షంలో రాఘవ నటించి మెప్పు పొందాడు. 1927లో మహాత్మా గాంధీ అనారోగ్యానంతరం మైసూరు సంస్థానంలో విశ్రాంతి తీసుకొంటున్నప్పుడు, రాఘవ బృందం హిందీలో ప్రదర్శించిన "దీనబంధు కబీర్" నాటకాన్ని చూశాడు. నాటకాలు చూసే తీరిక, అలవాటు అంతగా లేని గాంధీజీ ఈ ప్రదర్శనను మెచ్చుకున్నాడు. హిందూ ముస్లిం సామరస్యానికి ప్రతీక అయిన కబీరు పాత్రను ధరించినవాడు పఠాన్ రుస్తుంగా కీర్తి గడించిన నటుడే కావడం గమనార్హము.

1928లో రాఘవ ఇంగ్లండు, ఫ్రాన్సు, జర్మనీ, స్విట్జర్లాండు దేశాలలో పర్యటించి అక్కడి నాటక ప్రదర్శనలను, రంగాలంకరణను, నటనా పద్ధతులను పరిశీలించాడు. బళ్ళారిలో తాను ఏళ్ళ తరబడి స్వయంగా అభ్యసించిన పద్ధతికి ఈ పర్యటన బలం చేకూర్చింది.

చలనచిత్రాలు

1932లో తొలి తెలుగు టాకీ "భక్త ప్రహ్లాద" విడుదలైంది. తొలినాటి టాకీలలో అధికభాగం రంగస్థల నాటకాలకు తెర రూపాలే కావడం వలన నిర్మాతలు నాటక నటులనే ఆశ్రయించారు. రాఘవ మూడు తెలుగు చిత్రాలలో నటించాడు.

మొదటిది 1936లో విడుదలైన "ద్రౌపదీ మానసంరక్షణము". ఇందులో రాఘవ దుర్యోధనుడుగా, బందా కనకలింగేశ్వరరావు శ్రీకృష్ణుడుగా, సురభి కమలాబాయి ద్రౌపదిగా నటించారు. అదే ఏడాది అదే కథతో "ద్రౌపదీ వస్త్రాపహరణము" అనే మరొక చిత్రం కూడా విడుదలైంది. అందులో యడవల్లి సూర్యనారాయణ దుర్యోధనుడుగా, కన్నాంబ ద్రౌపదిగా, సి.ఎస్.ఆర్. ఆంజనేయులు శ్రీకృష్ణుడుగా నటించారు. పోటీలో రెండవ చిత్రమే విజయం సాధించింది, రాఘవ చిత్రం పరాజయం పొందింది.

రెండవది గూడవల్లి రామబ్రహ్మం దర్శకత్వంలో 1939లో వచ్చిన "రైతుబిడ్డ". ఇందులో రాఘవ నర్సిరెడ్డి అనే రైతుగా నటించాడు. టంగుటూరి సూర్యకుమారి, కొమ్మూరి పద్మావతీదేవి కూడా ఈ చిత్రంలో నటించారు. జమీందారీ వ్యవస్థలో రైతులు పడే బాధలు, ఎన్నికలలో జమీందారు అభ్యర్థిని కాదన్నందుకు రైతుకు ఎదురయ్యే కక్షసాధింపు చిత్ర కథాంశము. ఒక జమీందారే, చల్లపల్లి జమీందారు యార్లగడ్డ శివరామప్రసాదు, సారథి సంస్థ తరపున ఈ చిత్ర నిర్మాణానికి ధనసహాయం చేయడం విచిత్రము. ఇతర జమీందారులు చిత్రాన్ని తీవ్రంగా వ్యతిరేకించారు. బ్రిటిషు ప్రభుత్వం కొన్ని జిల్లాలలో దీని ప్రదర్శనను నిషేధించింది. మూడవది 1940లో వచ్చిన "చండిక".

రాఘవ సినీజీవితం ఇంతటితో ముగిసింది. రంగస్థలం మీద పొందిన కీర్తిలో స్వల్పభాగం కూడా సినిమాలో అతనికి దక్కలేదు. అప్పటికి అతనికి అరువది ఏళ్ళు. కీర్తి తెచ్చిన పాత్రలు అతడు యౌవనంలో ధరించినవి, వాటిని బంధించే కెమెరా తెలుగునాట అప్పటికి లేదు. మరొక విషయం గమనించదగినది. కెమెరా దగ్గరగా వచ్చి ముఖాన్ని చూపుతుంది, మెల్లని మాటను మైకు పట్టుకొంటుంది. అంటే రాఘవ రంగస్థలం మీద సాధించదలచిన సహజ నటనకు సినిమాయే అనువైన సాధనము. ఆ సాధనం తగిన పాత్రతో అతని చేతికి అందింది "రైతుబిడ్డ"లోనే. పౌరాణిక ఆభరణాలు లేకుండా, సామాన్య రైతుగా రాఘవ ఎలా నటించాడో తెలుసుకోగోరేవారికి మిగిలిన ప్రధాన ఆధారం ఆ చిత్రమే.

మరణము, స్మృతి చిహ్నాలు

రాఘవ 1946 ఏప్రిల్ 16న మరణించాడు. 1953లో భాషాప్రాతిపదికపై జరిగిన విభజనలో బళ్ళారి మైసూరు రాష్ట్రంలో చేరింది. అందువలన అతని జన్మస్థలం నేడు ఆంధ్రప్రదేశ్‌లోను, కర్మస్థలం కర్ణాటకలోను ఉన్నాయి. ధర్మవరం, పెనుకొండ, హిందూపురం 2022 ఏప్రిల్‌లో ఏర్పడిన శ్రీ సత్యసాయి జిల్లాలో చేరగా, తాడిపత్రి అనంతపురం జిల్లాలోనే ఉంది. రెండు రాష్ట్రాలలోనూ రాఘవను తమవాడిగా భావిస్తారు. బళ్ళారిలో ఇతని పేరిట నాటక కళామందిరం ఉంది. 1981లో భారత తపాలా శాఖ ఇతని స్మారకార్థం తపాలా బిళ్ళను విడుదల చేసింది. నాటకరంగంలో కృషి చేసినవారికి ఇతని పేరిట పురస్కారాలు ఇస్తున్నారు.

నాటక రచయిత కృషి పుస్తకరూపంలో నిలుస్తుంది. రామకృష్ణమాచార్యుల నాటకాలను నేటికీ చదువుకోవచ్చు. రంగస్థల నటుని కృషి తెర దిగడంతోనే అదృశ్యమవుతుంది. రాఘవ నటించిన పఠాన్ రుస్తుంను చూసినవారు నేడు లేరు. అయితే పాత్రకు తగిన మాట, మాటకు తగిన భావము, స్త్రీ పాత్రకు స్త్రీ అన్న అతని మూడు సూత్రాలు నేటి నాటకంలోను, సినిమాలోను ఎంత సాధారణమైపోయాయంటే, వాటికోసం ఒకప్పుడు వాదించవలసి వచ్చిందన్న సంగతే చాలామందికి తెలియదు.